కత్తెర పట్టిన చేతికి పేరేది?

మచిలీపట్నంలో, అంటే బందరులో, పరాసుపేట అని ఒక పేట ఉంది. ఊళ్లో చాలామందికి అది చిరునామాలో ఒక మాటగానే తెలుసు. పరాసులంటే ఫ్రెంచివాళ్లు. డచ్చివాళ్లు మసలిన చోటు వలందపాలెం అయింది, ఇంగ్లీషువాళ్లు మసలిన చోటు ఇంగ్లీషుపాలెం అయింది. అలాగే 1669లో వర్తకం కోసం బందరులో దిగిన ఫ్రెంచివాళ్ల గుర్తుగా పరాసుపేట మిగిలింది. 1759లో కర్నల్ ఫోర్డ్ సైన్యం బందరు కోటను పట్టుకోవడంతో ఈ తీరంలో వాళ్ల పెత్తనం ముగిసింది.

నూటయాభై ఏళ్ల తర్వాత మళ్లీ ఒక ఫ్రెంచి సరుకు బందరు మనిషి చేతికొచ్చింది. మచిలీపట్నంలో పుట్టి మద్రాసులో ఫొటో స్టూడియో నడిపిన రఘుపతి వెంకయ్య, 1910 ప్రాంతంలో క్రోనోమెగాఫోన్ అనే యంత్రం తెప్పించుకున్నారు. తయారుచేసింది ఫ్రాన్స్‌లోని గోమోన్ కంపెనీ. బొమ్మ ప్రొజెక్టర్‌లోంచి వస్తే గొంతు గ్రామఫోను ప్లేటులోంచి వచ్చేది. రెండూ ఒక్క క్షణంలో కదలాలి. లేకపోతే తెర మీది మనిషి నోరు మూసేశాక పాట వినపడుతుంది. వెంకయ్య ఆ యంత్రాన్ని మద్రాసులో ఆడించి, ఊరూరా తిప్పి, రంగూన్ దాకా తీసుకెళ్లారు. మద్రాసులో గెయిటీ థియేటర్ కట్టారు. కొడుకు ప్రకాష్‌ను లండన్ పంపి సినిమా తీయడం నేర్పించారు. 1921 నాటి ‘భీష్మ ప్రతిజ్ఞ’తో తెలుగువాళ్ల మూకీ సినిమాకు శ్రీకారం చుట్టింది ఆ తండ్రీకొడుకులే.

బొమ్మకూ గొంతుకూ జత కలపడం, ఏ ముక్క తర్వాత ఏ ముక్క రావాలో తేల్చడం, ఎంత బాగా తీసినా కథకు అడ్డొచ్చే ముక్కను పక్కన పెట్టడం. వెంకయ్య యంత్రం ముందు నిలబడి పడిన యాతనే తర్వాతి రోజుల్లో ఒక వృత్తి అయింది. ఇంగ్లీషులో ఎడిటింగ్ అన్నారు, మన పాత సినిమాల టైటిల్స్‌లో ‘కూర్పు’ అని వేశారు. కత్తిరించడం కన్నా కూర్చడం మీదే ఆ పని నిలబడుతుందని మన పెద్దలు కనిపెట్టి పెట్టిన పేరు అది.

కృష్ణా డెల్టాకు సినిమా అంటే ఎంత ప్రాణమో చెప్పనక్కర్లేదు. గుడివాడ దగ్గర రామాపురంలో అక్కినేని పుట్టారు. నిమ్మకూరులో ఎన్టీఆర్ పుట్టారు. చౌటపల్లిలో ఘంటసాల, కవుతరంలో కైకాల సత్యనారాయణ. దేవదాసు తీసిన వేదాంతం రాఘవయ్యది కూచిపూడి. మాయాబజార్‌లో నృత్యాలు కూర్చిన పసుమర్తి కృష్ణమూర్తిదీ కూచిపూడే. ఏ కాలవ గట్టు మీద ఆగి అడిగినా ఈ పేర్లు గుక్క తిప్పుకోకుండా చెప్తారు. ‘మాయాబజార్’ దర్శకుడెవరంటే కె.వి.రెడ్డి అంటారు, మాటలెవరివంటే పింగళి అంటారు, కెమెరా ఎవరంటే మార్కస్ బార్ట్లే అనేవాళ్లూ దొరుకుతారు. ఎడిటర్ ఎవరంటే మాత్రం బందరు కోనేరు సెంటర్ నుంచి అవనిగడ్డ దాకా జవాబు దొరకడం కష్టం.

సి.పి.జంబులింగం, జి.కల్యాణసుందరం. ఈ రెండు పేర్లు తెలుగువాళ్లు గుర్తుపెట్టుకోవాల్సినవి.

ఎందుకో చూడాలంటే ‘మాయాబజార్’లో శశిరేఖ రూపంలో ఉన్న ఘటోత్కచుడి దగ్గరికి వెళ్లాలి. ఎస్వీ రంగారావు గద పట్టుకుని నిలబడే తీరు మనకు ముందే తెలుసు. తర్వాత సావిత్రి అదే నడక నడుస్తుంది, అదే కళ్లెర్ర చేస్తుంది, మళ్లీ అంతలోనే సిగ్గుపడే పెళ్లికూతురైపోతుంది. నటన గొప్పతనం సావిత్రిది, సందేహం లేదు. అయితే ఆ ఒంట్లో ఉన్నది రంగారావే అని చిన్నపిల్లలు కూడా నమ్మడానికి, ఆయన కనిపించిన క్షణానికీ ఆమె కనిపించిన క్షణానికీ మధ్య వేసిన ముడి కారణం. ముడి ఒక్క అర సెకను అటూ ఇటూ అయితే ఇద్దరు నటులు ఇద్దరుగానే మిగిలిపోతారు. ‘వివాహ భోజనంబు’లో లడ్డూలు వాటంతటవే నోట్లోకి దూకడం కెమెరా గారడీ. ఆ గారడీ మీద ఎంతసేపు నిలబడాలి, నవ్వు ముదరకముందే ఎప్పుడు తప్పుకోవాలి అన్నది కూర్పు లెక్క.

సెకనుకు 24 బొమ్మలు. వెయ్యి అడుగుల 35 ఎంఎం రీలు ఆడేది పదకొండు నిమిషాలు. ఫిలిం రోజుల్లో ఎడిటర్ ఆ రీళ్లను మూవియోలా మీద ముందుకీ వెనక్కీ తిప్పుతూ, మైనపు పెన్సిలుతో గీత గీసి, కోసి, అతికేవారు. పక్కన పెట్టిన ముక్కలు గుడ్డ తొట్టెలో వేలాడుతూ ఉండేవి. అందులోంచి మళ్లీ ఒక ముక్క కావాలంటే వెతికి తీసుకునేది అసిస్టెంటు. ఇప్పుడు అదంతా కంప్యూటర్‌లోకి వచ్చింది. ఫిలిం ఖర్చు లేదు కాబట్టి తీసే నిడివి పెరిగింది. చూడాల్సినదీ వదిలేయాల్సినదీ ఎక్కువైంది. పని తగ్గిందనుకునేవాళ్లు ఆ గదిలో ఒక్క రాత్రి కూర్చోలేదన్నమాట.

ఒక సంవత్సరం గురించి ఇక్కడ చెప్పుకోవాలి. 1957 మార్చి 27న మాయాబజార్ విడుదలైంది. అదే నెల 11న ఫ్రాన్స్‌లో రచయితల, కళాకారుల హక్కుల చట్టం వచ్చింది. సినిమాకు కర్తలెవరో అందులో జాబితా వేశారు: కథ, అనుసరణ, సంభాషణలు రాసినవాళ్లు, సంగీతం కూర్చినవాళ్లు, దర్శకుడు. అదే ఏడాది జూన్‌లో మన దేశంలో కాపీరైట్ చట్టం వచ్చింది. సినిమా పూర్తయ్యేనాటికి దాని యజమాని ఎవరో వాళ్లే కర్త అని అది తేల్చింది. 2012లో సవరణ చేసి పాటల రచయితలకూ సంగీత దర్శకులకూ రాయల్టీ భద్రత కల్పించారు. ఫ్రాన్స్ జాబితాలో అప్పుడూ లేడు, ఇప్పుడూ లేడు ఎడిటర్. మన చట్టంలోనూ లేడు. రెండు దేశాలూ ఒకే ఏడాది ఒకే మనిషిని మరిచిపోయాయి.

అయినా ఫ్రాన్స్‌లో ఎడిటర్ బతుకు వేరుగా నడిచింది. ఆ తేడా ఎక్కడ వచ్చిందో చూస్తే మనకు పనికొస్తుంది.

అక్కడ ఈ వృత్తి ఆడవాళ్ల చేతుల్లో పెరిగింది. తొలి రోజుల్లో పాథే లాంటి కంపెనీల్లో ఫిలింకు రంగులద్దడం, ముక్కలు అతకడం కుట్టుపని లాంటిదని, ఆడవాళ్లకు సరిపోతుందని అనుకున్నారు. జీతం తక్కువ, గుర్తింపు తక్కువ. అలా చిన్న వయసులో పాథేలో పనికి చేరిన మార్గరీత్, దర్శకుడు ఝాన్ రెన్వార్ సినిమాలకు ఎడిటర్ అయ్యారు. ‘రూల్స్ ఆఫ్ ది గేమ్’ ఆవిడ కూర్చినదే. రెన్వార్ 1936లో నది ఒడ్డున ఒక చిన్న సినిమా మొదలుపెట్టారు. వానలు పట్టుకున్నాయి, షూటింగు చెదిరిపోయింది, సినిమా సగంలో ఆగింది. తర్వాత యుద్ధం వచ్చి ఆయన అమెరికా వెళ్లిపోయారు. దర్శకుడు సముద్రానికి ఆవల ఉండగా ఆ ముక్కల్ని ముందేసుకుని కూర్చుని, నలభై నిమిషాల సినిమాగా మలిచింది మార్గరీత్. 1946లో ‘ఎ డే ఇన్ ది కంట్రీ’గా విడుదలైన ఆ సినిమాను ఈ రోజుకీ రెన్వార్ గొప్ప పనుల్లో ఒకటిగా లెక్కేస్తారు. తీయని సన్నివేశాలు లేని లోటు చూసేవాళ్లకు తెలియదు.

గొదార్ తీసి 1960లో విడుదల చేసిన ‘బ్రెత్‌లెస్’ నిడివి మొదట ఎక్కువైంది. సన్నివేశాలకు సన్నివేశాలు ఎత్తేయడం మాని, ఒకే షాటు మధ్యలోంచి ముక్కలు తీసేశారు. కారులో కూర్చున్న అమ్మాయి తల ఒక్కసారి అటు నుంచి ఇటు గెంతినట్టు కనపడుతుంది. దాన్ని జంప్ కట్ అన్నారు. అప్పటిదాకా అది తప్పు, ఆ తర్వాత ఒక భాష. ఆ బల్ల దగ్గర కూర్చున్న ఎడిటర్ సెసిల్ దెక్యుజిస్. అల్జీరియా స్వాతంత్ర్య పోరాటానికి తోడ్పడినందుకు ఆవిడను జైల్లో పెట్టారు. గుడివాడలో పెళ్లి వీడియోలు చేసే కుర్రాడు ఈ రోజు ఫోనులో అదే జంప్ కట్‌ను రోజుకు పదిసార్లు వేస్తాడు. ఆ కోత ఎక్కడి నుంచి వచ్చిందో అతనికి ఎవరూ చెప్పలేదు.

ఫ్రాన్స్వాజ్ బొన్నో కథ మరొకటి. తల్లి మొనిక్ కూడా ఎడిటరే. తల్లి దగ్గర పని నేర్చుకున్న బొన్నో, కోస్తా గావ్రాస్ తీసిన ‘జెడ్’ సినిమాకు 1970లో ఆస్కార్ అందుకున్నారు. ఫ్రెంచి భాషలో మాట్లాడే సినిమాకు హాలీవుడ్ ఎడిటింగ్ బహుమతి ఇచ్చింది. అలెన్ రెనే ఎడిటర్‌గా మొదలై దర్శకుడయ్యారు. ఆయన ‘హిరోషిమా మోన్ అమూర్’కు పనిచేసిన ఎడిటర్లలో ఒకరైన ఆన్రీ కోల్పి, తానే దర్శకుడై 1961లో కాన్ ఉత్సవంలో అత్యున్నత బహుమతిలో పాలు పంచుకున్నారు. 1976లో సెజార్ అవార్డులు మొదలైనప్పటి నుంచి ఎడిటింగ్‌కు విడిగా బహుమతి ఉంది. పారిస్‌లోని లా ఫెమిస్ సినిమా బడిలో ఎడిటింగ్‌కు ప్రత్యేక విభాగం ఉంది. ఎడిటర్లకు సొంత సంఘం ఉంది. చట్టం ఇవ్వని చోటును బడి, బహుమతి, సంఘం, విమర్శ కలిసి ఇచ్చాయి.

తెలుగువాళ్లలో ఆ దారికి దగ్గరగా నడిచిన వృత్తి జీవితం ఒకటుంది. అది అక్కినేని శ్రీకర్ ప్రసాద్‌ది.

గుడివాడ నుంచి కొల్లేటికి అవతల, ఏలూరు దగ్గర సోమవరప్పాడు ఎల్వీ ప్రసాద్ ఊరు. ఎల్వీ ప్రసాద్ తమ్ముడు అక్కినేని సంజీవి ఎడిటర్, దర్శకుడు కూడా. సంజీవి కొడుకు శ్రీకర్ ప్రసాద్. మద్రాసులో సాహిత్యం చదివి, తండ్రి పక్కన నిలబడి తెలుగు సినిమాల రీళ్లతో పని నేర్చుకున్నారు. 1989 నాటి హిందీ సినిమా ‘రాఖ్’ ఆయనకు మొదటి జాతీయ అవార్డు తెచ్చింది. అస్సామీలో ‘రాగ్ బిరాగ్’కు ఒకటి, త్యాగరాజు గేయనాటకం పేరు పెట్టుకున్న ‘నౌకా చరిత్రము’ అనే లఘు చిత్రానికి ఒకటి, సంతోష్ శివన్ ‘ది టెర్రరిస్ట్’కు ఒకటి, మణిరత్నం ‘కన్నత్తిల్ ముత్తమిట్టాల్’కు ఒకటి. భాష మారినా బల్ల మారలేదు. ఇప్పటికి జాతీయ అవార్డులు తొమ్మిది. తెలుగువాళ్లు మాత్రం ఆయన్ను ఎక్కువగా ‘ఒక్కడు’, ‘ఆర్‌ఆర్‌ఆర్’ టైటిల్స్‌లో చూసి ఉంటారు. చూసి ఉంటారా అన్నదే ఈ వ్యాసం అడిగే ప్రశ్న.

ఆయన జీవితంలో ఫ్రాన్స్ తగిలింది ‘వానప్రస్థం’తో. షాజీ ఎన్.కరుణ్ తీసిన ఆ మలయాళ సినిమా ఫ్రెంచి నిర్మాత పియర్ అసులీన్‌తో కలిసి చేసిన సంయుక్త నిర్మాణం. గొదార్, రెనే సినిమాలకు పనిచేసిన స్విస్ ఛాయాగ్రాహకుడు రెనాటో బెర్టా, సంతోష్ శివన్ ఇద్దరూ కెమెరా పట్టారు. జాకీర్ హుస్సేన్ సంగీతం ఇచ్చారు. ఎడిటింగ్ దగ్గర శ్రీకర్ ప్రసాద్, జోసెఫ్ గిన్వార్క్ అని రెండు పేర్లు ఉంటాయి. 1999లో కాన్ ఉత్సవంలో ‘అన్ సర్టెన్ రిగార్డ్’ విభాగంలో ఆ సినిమా ఆడింది. ఉత్తమ చిత్రంగా జాతీయ అవార్డు పొందింది. మోహన్‌లాల్‌కు ఉత్తమ నటుడి అవార్డు, శ్రీకర్ ప్రసాద్‌కు ఉత్తమ ఎడిటర్ అవార్డు వచ్చాయి.

ఆ పని ఎంత కష్టమో కూచిపూడి ఎరిగిన డెల్టావాళ్లకు విడమరిచి చెప్పనక్కర్లేదు. వానప్రస్థంలో కథానాయకుడు కథకళి కళాకారుడు. ఒక స్త్రీ అతన్ని మనిషిగా ప్రేమించదు, అతను వేసే అర్జునుడి పాత్రను ప్రేమిస్తుంది. కథకళిలో ఒక్క కనుబొమ కదలడానికి తాళం ఒక ఆవర్తం తీసుకోవచ్చు. అక్కడ తొందరపడి కోస్తే వేషం మిగిలి నాట్యం పోతుంది. కోయకుండా వదిలితే కథకళి తెలియని ఊళ్లో ప్రేక్షకుడు లేచి వెళ్లిపోతాడు. భామాకలాపంలో సత్యభామ తెర వెనక నుంచి జడ విసిరి వచ్చే చోట, జతి మధ్యలో షాటు మారిస్తే మన ఒళ్లు ఎలా జల్లుమనకుండా ఆగిపోతుందో ఊహించుకుంటే చాలు. కేరళలో పుట్టిన ఆ కాలాన్ని ఫ్రాన్స్‌లో కూర్చున్న మనిషి కూడా ఊపిరి బిగబట్టి చూసేలా చేయడం, ఆ కాలాన్ని పాడుచేయకుండా చేయడం, ఆ బల్ల మీద జరిగిన పని.

ఇంత సాధించిన మనిషికి మన మీడియా ఇచ్చిన చోటెంత? ఒక హీరో కొత్త సినిమా మొదటి పోస్టరుకు ఇచ్చేంత కూడా కాదు. ఇది ఒక్కరి సంగతి కూడా కాదు. గౌతంరాజు ఎనిమిది వందలకు పైగా సినిమాలకు పనిచేసి 2022లో కన్నుమూశారు. కోటగిరి వెంకటేశ్వరరావు ‘మగధీర’, ‘ఈగ’, ‘బాహుబలి’కి ఎడిటర్. ‘జెర్సీ’కి నవీన్ నూలి జాతీయ అవార్డు తెచ్చారు. ఈ పేర్లను సినిమా హాలు ముందు నిలబడి అడిగితే ఎంతమంది చెప్తారు?

మన ఎడిటర్ల చరిత్రను కాస్త పరిశీలిస్తే ఇంకో సంగతి బయటపడుతుంది. సంజీవి కొడుకు శ్రీకర్ ప్రసాద్. కె.ఎ.మార్తాండ్ కొడుకు మార్తాండ్ కె.వెంకటేశ్. కోటగిరి గోపాలరావు తమ్ముడు కోటగిరి వెంకటేశ్వరరావు. ఫ్రాన్స్‌లో బొన్నో తల్లీకూతుళ్ల లాగే ఇక్కడా ఇంట్లోంచి ఇంట్లోకే పని అందింది. అందులో తప్పేమీ లేదు. కత్తెర పట్టే తీరు పుస్తకంలో దొరకదు, పక్కన నిలబడి చూడాలి. మగ్గం గుంటలో, కంసాలి కొలిమి దగ్గర, పెడన కలంకారీ బల్ల దగ్గర కూడా పని అలాగే వచ్చింది. పెడనలో ఒక్క దుప్పటి కరక్కాయ నీళ్లలో నానాలి, అచ్చు అచ్చుకూ రంగు మారాలి, కాలవలో ఉతకాలి, ఉడకాలి. ఏది ముందు, ఏది తర్వాత అన్న వరస తప్పితే గుడ్డ పాడవుతుంది. ఆ వరస చేతిలో ఉంటుంది.

చిక్కల్లా ఎక్కడంటే, ఆ ఇంట్లో పుట్టనివాళ్లకు తలుపు ఎటుందో తెలియదు. నాగాయలంకలో చదువుకుంటున్న ఒక అమ్మాయికి సినిమాలో పని చేయాలని ఉంటే నటన ఒకటే కనిపిస్తుంది, అదీ ఇంట్లోవాళ్లు ఒప్పుకోరు. నలుగురి మధ్య కెమెరా ముందు నిలబడనక్కర్లేని, బుద్ధితో చేసే, నెల నెలా బతుకునిచ్చే వృత్తి ఒకటుందని ఆమెకు చెప్పేవాళ్లు లేరు. ఫ్రాన్స్‌లో ఆడవాళ్లు నిర్మించిన వృత్తి తెలుగునాట మగవాళ్ల గదిగా మిగిలిపోవడానికి పని స్వభావం కారణం కాదు. తలుపు దగ్గర ఎవరూ నిలబడి పిలవకపోవడం కారణం.

పూనా ఫిలిం ఇన్‌స్టిట్యూట్ 1960లో మొదలైంది, ఎడిటింగ్ నేర్పుతుంది. అక్కడికి డెల్టా నుంచి వెళ్లాలంటే ప్రవేశ పరీక్ష, పూనాలో మకాం, ఖర్చు. మధ్యలో, ఊరికి దగ్గర్లో మెట్టు కనపడదు.

మెట్టు లేకపోయినా పని ఆగలేదు. బందరు, గుడివాడ, అవనిగడ్డ, చల్లపల్లి ఏ ఊరికి పోయినా ఫొటో స్టూడియో వెనక చిన్న గది, అందులో రెండు కంప్యూటర్లు ఉంటాయి. ఊళ్లో వాళ్లు దాన్ని ‘మిక్సింగ్’ అంటారు. పెళ్లి సీజనులో అక్కడ కుర్రాళ్లు రాత్రులు నిద్రపోరు. పదిహేను గంటల పెళ్లిలోంచి గంట వీడియో, నాలుగు నిమిషాల హైలైట్స్ తీయాలి. డ్రోను తీసింది, ఇద్దరు కెమెరావాళ్లు తీసింది, పెళ్లికూతురి తమ్ముడు ఫోనులో తీసింది కలపాలి. వేలకు వేలు పుచ్చుకునే స్టూడియో పేరు ఆల్బమ్ మీద బంగారు అక్షరాల్లో ఉంటుంది. ఆ కుర్రాడి పేరు ఎక్కడా ఉండదు. రఘుపతి వెంకయ్య కూడా ఒకప్పుడు స్టూడియో మనిషే.

ఆ గదిలో ఉన్న నైపుణ్యం పెళ్లిళ్లకే ఖర్చయిపోతోంది. 2024 సెప్టెంబరు మొదట్లో కృష్ణకు ప్రకాశం బ్యారేజీ దగ్గర 11.43 లక్షల క్యూసెక్కుల వరద వచ్చినప్పుడు దివిసీమ లంకల్లోకి నీళ్లొచ్చాయి. అదే దివిసీమను ముంచిన 1977 నవంబరు 19 ఉప్పెనకు ఆధారాలు ఎక్కువగా కొన్ని ఫొటోలు, మిగిలినవాళ్ల మాటలు. 2024 నాటికి ప్రతి చేతిలో ఫోను ఉంది. అరటి తోట మునగడం, పడవలో ముసలమ్మను ఎక్కించడం, గేదె తాడు విప్పి వదిలేయడం అన్నీ ఎక్కడో ఒకచోట రికార్డయ్యాయి. అన్నీ విడివిడిగా, ఒక్కోటి ముప్పై సెకన్లు, వాట్సాప్‌లో తిరిగి కనపడకుండా పోయాయి. తీసినవాళ్లకు కొరత లేదు. కూర్చి, ఒక ఊరి అనుభవంగా నిలబెట్టినవాళ్లు లేరు.

ఫ్రెంచి దర్శకురాలు ఆన్యెస్ వార్దా 2000లో చేతిలో ఇమిడే డిజిటల్ కెమెరాతో ఒక సినిమా తీశారు. దాని పేరుకు మన మాట ఒకటుంది: పరిగె. కోతలయ్యాక పొలంలో రాలిన కంకులు ఏరుకునేవాళ్ల గురించి, సంతలో వదిలేసిన కూరగాయలు ఏరుకునేవాళ్ల గురించి తీసి, తానూ బొమ్మల పరిగె ఏరుకునేదాన్నే అని ఆవిడ ఆ సినిమాలో తన చేతిని తానే చూపించారు. ఆవిడ 1955 నాటి మొదటి సినిమా ‘లా ప్వాంత్ కూర్త్’ నీటి ఒడ్డున చేపలు పట్టేవాళ్ల వాడ గురించి. ఫొటోలు తీసుకునే అమ్మాయి, సినిమా పని ఎప్పుడూ చేయలేదు. ఆవిడ తీసిన రీళ్లను కూర్చిపెట్టింది అప్పటికి ఎడిటర్‌గా ఉన్న అలెన్ రెనే. గిలకలదిండి రేవులో తెల్లారగట్ల వేట పడవలు ఒడ్డుకొచ్చే దృశ్యం చూసిన బందరు పిల్లలెవరైనా అలాంటి సినిమా తీయగలరు. రెనే లాంటి చెయ్యి ఒకటి పక్కన కావాలి.

ఎడిటింగ్ కనిపించకుండా ఉండడమే గొప్ప, పేరెందుకు అని కొందరంటారు. పని కనిపించకూడదన్న మాటలో నిజముంది. మనిషి కనిపించకూడదని ఎవరన్నారు? నేపథ్య గాయకుడు తెర మీద కనపడడు. ఘంటసాలకు డెల్టాలో విగ్రహాలున్నాయి. చివరి మాట దర్శకుడిదే కదా అని ఇంకొందరంటారు. చివరి మాట దర్శకుడిదే. ఆ మాట చెప్పడానికి ముందు ఆయనకు ఎన్ని దారులు చూపించారు, ఏ సన్నివేశం లేకపోయినా కథ నడుస్తుందని ఎవరు ధైర్యం చేసి చెప్పారు అన్నది మార్గరీత్ కథే చెప్పింది. మన ఆదుర్తి సుబ్బారావు ఎడిటర్‌గా ఉండి దర్శకుడయ్యారు. జన్మజన్మల కథను వెనక్కీ ముందుకీ తిప్పి చెప్పిన ‘మూగమనసులు’ ఆయన చేతిలోంచి రావడం యాదృచ్ఛికం కాదు.

ఈ మధ్య మూడో మాట వినిపిస్తోంది. ఫోనులో యాప్ పెట్టి పాట ఎక్కిస్తే తాళానికి తగ్గట్టు అదే కోసేస్తుంది, ఇక మనిషెందుకు? అప్పగింతల ఘట్టం తీసుకుందాం. పెళ్లికూతురి చేతులు పాలలో ముంచి అత్తవారి చేతుల్లో పెడుతున్నప్పుడు యాప్ డప్పు దెబ్బకు కోస్తుంది. డెల్టాలో పుట్టిన ఎడిటర్‌కు ఆ క్షణంలో పక్కన నిలబడి కండువా అంచుతో మొహం తుడుచుకునే తండ్రి మీద మూడు సెకన్లు ఎక్కువ ఆగాలని తెలుసు. ఆ మూడు సెకన్ల కోసమే ఆ ఇంటివాళ్లు పదేళ్ల తర్వాత వీడియో మళ్లీ పెట్టుకుంటారు.

చేయాల్సిన పనులు పెద్దవేమీ కావు. మచిలీపట్నంలో కృష్ణా విశ్వవిద్యాలయం 2008 నుంచి ఉంది. గుడివాడలో అక్కినేని నాగేశ్వరరావు కళాశాల 1950 నుంచి ఉంది. సినిమా మనిషి పేరుతో నడిచే ఆ కళాశాలలో ఎడిటింగ్‌కు ఒక ఏడాది కోర్సు, తెలుగులో, మొదలుపెట్టడానికి స్టూడియో కట్టనక్కర్లేదు. పది కంప్యూటర్లు, పాత సినిమాలు, నేర్పే మనిషి చాలు. మిక్సింగ్ గదుల్లో పనిచేస్తున్నవాళ్లకు సాయంత్రం తరగతులు పెట్టాలి, ఆడపిల్లలకు సగం సీట్లు ఇవ్వాలి. మద్రాసు రోజుల్లో మూవియోలా దగ్గర అసిస్టెంట్లుగా చేసినవాళ్లను పిలిపించి, వాళ్ల చేతి పని రికార్డు చేయాలి.

పత్రికలు తమ వంతుగా సమీక్షలో ఎడిటర్ పేరు రాయాలి. ‘ద్వితీయార్ధం సాగదీశారు’ అని ఒక వాక్యంలో తేల్చే బదులు ఏ సన్నివేశం ఎక్కడ బరువైందో, ఎక్కడ కూర్పు కథను నిలబెట్టిందో రాయాలి. సినిమావాళ్లు పోస్టరు మీద ఎడిటర్ పేరును చదవగలిగే అక్షరాల్లో వేయాలి. కాపీరైట్ చట్టంలో పాటల రచయితకు దొరికిన నీడ ఎడిటర్‌కూ దక్కాలని తెలుగు సినీ సంఘాలు అడగాలి. 1957లో రెండు దేశాలు చేసిన మరుపును మొదట సరిదిద్దిన ఘనత మనకు రావొచ్చు.

ఆ కోర్సు మొదలైన రోజున పిల్లలకు ఇవ్వాల్సిన మొదటి పని కూడా సిద్ధంగా ఉంది. 2024 వరదలో దివిసీమ లంకల్లో పది ఫోన్లలో తీసిన వీడియోలు తెచ్చి ముందు పెట్టాలి. వాటిలోంచి మూడు నిమిషాలు తీయమనాలి. ఏ గేదె తాడు దగ్గర మొదలుపెట్టాలి, ఏ ముసలమ్మ మొహం మీద ఆపాలి, నీటి చప్పుడు ఎక్కడ వినిపించి ఎక్కడ తగ్గించాలి అన్నది వాళ్లే తేల్చుకోవాలి. అయ్యాక అవనిగడ్డలో తెర కట్టి, ఆ నీళ్లలో నిలబడ్డవాళ్లనే పిలిచి చూపించాలి. చివర్లో నల్ల తెర మీద ‘కూర్పు’ అని వేసి, కింద ఆ పిల్లల పేర్లు, వాళ్ల ఊళ్ల పేర్లు, వెనక వరసలో కూర్చున్నవాళ్లకు కూడా అందేంత సేపు నిలపాలి.